పటాలం చరిత్రలో మా మామ చావు

ఆ పుస్తకం ఇప్పుడు నా మంచం కింద, ఎలుకల బోను పక్కన పడుండాది. అట్ట మీద జెండా, జెండా ముందర తుపాకీ పట్టుకున్న ఒక సిపాయి బొమ్మ. ఆ తుపాకీని మా పటాలంలో ఎవడూ ముట్టుకున్న పాపాన పోలేదు, యా సినిమా పోస్టర్లోనుంచో కత్తిరించుకొచ్చినారు. అట్ట తిప్పితే పుస్తకం వేయించిన కమిటీ చైర్మన్ దండం పెడతా నవ్వుతాంటాడు. ఆ నవ్వు చూసినప్పుడల్లా పొద్దున తిన్న సంగటి నా గొంతు దాకా వస్తాది. పొయ్యిలో పెడదామని రెండు తూర్లు బయటికి తీసినా. లోపల మా మామ పేరుండాదే అని మళ్ళా మంచం కిందికే తోసినా.

నేను కాలినడక పటాలంలో ఇరవై ఏండ్లు చేసి హవల్దారుగా రిటైరైనోన్ని. ఇన్‌ఫాంట్రీ అంటే ఏమో గొప్ప అనుకుంటారు, నడిచేది, తవ్వేది, మళ్ళా నడిచేది. మా ఊరు పెనుకొండకు దగ్గర. ఇప్పుడు చెనిక్కాయ వేసుకుంటా, వాన రాకపోతే మబ్బును తిట్టుకుంటా బతుకుతాండా. మిలిట్రీకి నేను పోయింది దేశభక్తి పొంగి కాదు. మా మేనత్త పొమ్మనింది, పోయినా.

అత్తకు పద్దెనిమిదేండ్లకే పెండ్లయింది. మామ అప్పటికే సిపాయి. పెండ్లికి లీవు పెట్టుకుని వచ్చినాడు, లీవు అయిపోతానే పోయినాడు, ఇంకొక తూరి వచ్చి పోయినాడు, అంతలో డెబ్బై ఒకటి యుద్ధం వచ్చింది. ఇంగ రాలేదు. శవం రాలేదు, పెట్టె రాలేదు. మనిషి కనబడలేదని, యా దినమో గూడా లేకుండా, ఒక టెలిగ్రాం మాత్రం వచ్చింది. అత్త మా ఇంటికి వచ్చేసింది. కొన్నేండ్లు చూసి సర్కారోళ్ళు, ఇంగ సచ్చిపోయినట్లే అని తేల్చి పింఛను ఇచ్చినారు. అత్త పింఛను తీసుకునింది. బొట్టు మాత్రం తీయలేదు.

మా ఊరోళ్ళకు అది కంట్లో నలుసైపోయింది. "మొగుడు సచ్చినాడని పింఛను తీసుకుంటాది, మొగుడుండాడని బొట్టు పెట్టుకుంటాది" అని కొళాయికాడ, రేషన్ షాపుకాడ ఒకటే గుసగుసలు. అత్త వినీ విననట్లు పోయే మనిషి కాదు. నడిదావలో నిలబడుకుని అనేది: "పింఛను సర్కారోళ్ళది, వాళ్ళకు సచ్చినాడు. బొట్టు నాది. ఆయప్ప సచ్చేది చూసినోడు ఒక్కడు వచ్చి నాతో చెప్పనీ, ఆ పొద్దే తీసేస్తా."

చెన్నేకొత్తపల్లిలో మా చుట్టాల పెండ్లిలో ఒకతూరి ఇట్లే జరిగింది. నేను అప్పుడు ఇస్కూలుకు పోయే వయసు. అత్త హారతి పళ్ళెం ఎత్తుకుంటే ఒకామె అందరి ముందరా దాన్ని లాక్కునింది. అత్త ఏడవలే. పక్కనున్న ఇంకొక పళ్ళెం ఎత్తుకుని, పెండ్లికొడుక్కు హారతి ఇచ్చే మంటపం దిగింది. పెద్దల అమావాస్యకు మా ఇంట్లో సచ్చిపోయినోళ్ళకంతా కొత్తగుడ్డలు పెట్టి, వండి వడ్డిస్తారు. ఎవరన్నా మామ ఊసెత్తితే చాలు, అత్త గరిటె ఆడ్నే పెట్టేసి లేచేది. "బతికుండేటోన్ని పెద్దల్లో కలిపితే ఆయుస్సు తగ్గుతాది" అనేది. ఇంగ ఎవరు నోరు తెరుస్తారు?

నాకు మీసాలొచ్చినాక నన్ను పిలిచి, "మామ పటాలానికే పోరా. ఆడ చూసినోడు ఒకడన్నా ఉంటాడు, అడుగు" అనింది. అడిగినా. ఏండ్ల తరబడి కనబడిన ముసలోళ్ళనంతా అడిగినా. చివరికి ఒక సుబేదారు చెప్పినాడు. ఒక కాలువ దాటాల్సి వచ్చిందంట, రొమ్ముల్లోతు బురద. తుపాకీలు తలమీద పెట్టుకుని ఒకరెనక ఒకరు దిగినారు. దిగేటప్పుడు మామ ఆయనకు ముందరే ఉండాడు. అవతల గట్టెక్కి చూసుకుంటే లేడు. మునిగినాడో, గుండు తగిలిందో, అవతలోళ్ళే పట్టుకుపోయినారో, ఎవరూ చూడలే. ఈ మాటే లీవులో వచ్చినప్పుడు అత్తకు ఉన్నదున్నట్లు చెప్పినా. బియ్యం ఏరుకుంటా వినింది. "చూడలేదా? అయితే సరేలే" అని మళ్ళా బియ్యం ఏరుకునింది.

ఇట్ల ఉండగా పోయినేడు హిందూపురంలో ఒక కమిటీ పుట్టింది. డెబ్బై ఒకటి యుద్ధంలో మా పటాలం చేసిందంతా, దాంట్లో మన పక్క మనుషులు చేసిందంతా తెలుగులో పుస్తకం వేయాలని. మాలాంటి మాజీ సిపాయిలు పదిమంది చేరినారు. మంచి పనే గదా, నాకూ సంతోషమే. అయితే దుడ్లు పెట్టేవాడు చైర్మన్ అయినాడు. ఆయప్ప గ్రానైటు వ్యాపారి, మిలిట్రీ గేటు గూడా చూసినోడు కాదు. వాళ్ళ తాత ఒకప్పుడు ముదిగుబ్బ పక్క గొర్రెలు కొని క్యాంపులకు మాంసం సరఫరా చేసినాడంట. "మా తాత గూడా పటాలానికి సేవ చేసినాడు గదప్పా, ఒక అధ్యాయం పడాల" అన్నాడు. పడింది. గొర్రెలు కోసినాయన మీసం మెలేసుకుని యుద్ధవీరుల మధ్యలో నిలబడినాడు. పాపం, ఆ గొర్రెలకన్నా ఒక పేజీ ఇచ్చింటే బాగుండేది.

రాసే పని నాకే పెట్టినారు, చేతిరాత బాగుంటాదని. ఒళ్ళు వంచి రాసినా. నాకు తెలిసింది, పెద్దోళ్ళు చెప్పింది, యాదీ దాచిపెట్టలే. తడిబూట్లలో కాళ్ళు పాసిపోయి, బూటు తీస్తే చర్మం దాంతోపాటే ఊడొచ్చేదని రాసినా. జలగలు పట్టరాని చోట పడితే ఉప్పు లేక బీడీ అంటించి ఊడబీకేవాళ్ళని రాసినా. బేదులు పట్టుకుని, గుంతలో కూసున్నోడు కూసున్నట్లే కాపలా కాసినాడని రాసినా. పశువులు సచ్చి తేలిన నీళ్ళను గుడ్డలో వడకట్టి తాగినారని రాసినా. చదివినోనికి కడుపులో దేవాల, అప్పుడుగానీ అది పటాలం చరిత్ర కాదని నా లెక్క. మామ గురించి మూడు ముక్కలే రాసినా. దిగేటప్పుడు ఉండాడు, గట్టెక్కినాక లేడు, ఎవరూ చూడలేదు.

దాన్ని భాష దిద్దేదానికని ధర్మవరంలో ఒక పెద్దమనిషికి ఇచ్చినారు. రిటైర్మెంటు సభలకు, షష్టిపూర్తులకు సన్మానపత్రాలు రాయడంలో ఆయన్ను మించినోడు లేడు. ఎవరికైనా అదే గంధం, అదే కస్తూరి. అచ్చవుతాండాదని తెలిసి నేను ధర్మవరం పోయినా. ప్రెస్సులో కొన్ని కాగితాలు చేతికిచ్చినారు. చదివితే నా కండ్లు తిరిగినాయి. పాసిపోయిన కాళ్ళు యాడ అని చూస్తే, "భరతమాత పాదాలకు తమ నెత్తుటితో పారాణి దిద్దినారు" అనుండాది. జలగలు లేవు. బేదులు అసలే లేవు. మా పటాలానికి కడుపే లేనట్లు రాసిపారేసినాడు.

ఆ పెద్దమనిషి ఆడ్నే ఉండాడు. "ఏమి సామీ ఇది?" అంటే నవ్వినాడు. "పుస్తకం విడుదల సభలో ఆడోళ్ళుంటారు గదప్పా. బేదులూ గీదులూ ఏం బాగుంటాది? చరిత్ర అంటే చదివినోనికి రోమాలు నిక్కబొడుచుకోవాల" అన్నాడు. అరిసినా. చూపుడువేలు ఆయన ముక్కుకాడికి పోనిచ్చి మరీ అరిసినా. సరేలేప్పా, సరిచేస్తా అన్నాడు. మామ పేజీ అడిగితే అది ఇంకా మిషనెక్కలేదు అన్నాడు. నమ్మి బస్సెక్కినా.

సభ పెనుకొండలో, కల్యాణమంటపంలో. అత్తకు గూడా సన్మానమంట. అత్తకు ఈ సంగతి చెప్పేదానికే నేను యెనకాముందు ఆడినా. చెప్పగానే ఆమె మొకం మారిపోయింది. "పటాలమోళ్ళు బయటినుంచి గూడా వస్తారా? మామతో దిగినోళ్ళు ఎవరన్నా వస్తారా?" అని ఒకటే అడగడం. డెబ్బై దాటిన మనిషి, మోకాళ్ళు పట్టేసుకుంటే గోడ పట్టుకుని నడిచే మనిషి, ఆ వారమంతా ఇంట్లో కాలు నిలవలేదు. ఆమెకు శాలువా వద్దు, సన్మానం వద్దు. చూసినోడు కావాల.

ముందురోజు కమిటీలో ఒకడు ఫోన్ చేసినాడు. "అమ్మకు కొంచెం తెల్లచీర ఏదన్నా కట్టించుకుని రాప్పా. బొట్టు అంత పెద్దది ఉంటే వీరపత్ని అని పిలిచినప్పుడు జనాలు ఏమనుకుంటారు?" అన్నాడు. ఛీ! నోట్లోకొచ్చిన బూతు అన్నం తినే నోరని మింగినా. ఫోన్ పెట్టేసినా. అత్తకు చెప్పలే. అత్త పచ్చచీర కట్టుకుని, రూపాయి బిళ్ళంత కుంకుమ పెట్టుకుని, చేతులనిండా గాజులేసుకుని ఆటో ఎక్కింది.

మంటపంలో మైకు, పూలు, బాడుగ కుర్చీలు, ఉప్మా. మామతో దిగినోళ్ళు ఎవరూ రాలే, బతికున్నోళ్ళు గూడా మంచాల్లో ఉండారంట. ఆ మాట అత్తకు చెప్పేలోపలే ఆమెను వేదిక మీదికి పిలిచి కూర్చోబెట్టేసినారు. నన్ను కింద రెండో వరసలో. చైర్మన్ వాళ్ళ తాత గురించి చానాసేపు మాట్లాడినాడు. తర్వాత ధర్మవరం పెద్దమనిషి పుస్తకం తెరిచి మైకు పట్టుకున్నాడు. మా మామ పేజీ తీసినాడు.

"పున్నమి వెన్నెల పాలవెల్లిలా కురుస్తున్న ఆ రాత్రి" అని ఎత్తుకున్నాడు. అక్కడికే నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఒరే, పున్నమి రాత్రి కాలువలో దిగుతారా ఎవడైనా? అవతలోడు ఒక్కొక్కన్నీ కోడిపిల్లల మాదిరి ఏరుకుంటాడు! ఆయన ఆగితే గదా. మామ రొమ్ము విరుచుకుని ముందుకురికినాడంట. మూడు గుండ్లు రొమ్ములోనే తగిలినాయంట. "నేను వెనుదిరగలేదని నా ఇల్లాలికి చెప్పండి" అని, తోటి సిపాయి ఒళ్ళో తలపెట్టి కన్నుమూసినాడంట. సచ్చినోని కండ్లు చారెడంటారు, ఈయన చారెడు కాదు, చాటంత చేసినాడు. జనం చప్పట్లు. కొందరు కండ్లు తుడుచుకుంటాండారు.

నేను లేచి అరిసేలోపల అత్త లేచి నిలబడింది. చప్పట్లు తగ్గినాయి. ఆమె ఎవరి పక్కా చూడలే. కొంగు ఎత్తి, నుదుటి మీద అడ్డంగా ఒక్కసారి గట్టిగా తుడిచింది. కుంకుమ సగం కొంగుకంటింది, సగం ముక్కు మీదికి కారింది. అట్లే కుర్చీలో కూలబడింది.

ఫోటోలోళ్ళు ఉరికినారు. ఒకడు కుర్చీ మీదికెక్కినాడు. "అమ్మా, ఇటు చూసి ఇంకోసారి తుడుచుకోమ్మా" అన్నాడు. చైర్మన్ వంగి, అత్త భుజం మీద శాలువా సర్దుతా, ఫోటోలో తనూ పడేటట్లు నిలబడినాడు. "ఇంకోసారమ్మా, ఒక్కసారి" అన్నాడు ఆయప్ప గూడా. నేను యుద్ధం మధ్యలో శవాలు ఉబ్బి పగిలిన వాసన చూసినోన్ని కాదు, నా సర్వీసులో అంత దూరం రాలే. ఆ వాసన ఎట్లుంటాదో మాత్రం ఆ పొద్దు పెనుకొండ కల్యాణమంటపంలో నాకు తెలిసింది. వేదికెక్కి ఇద్దరు ముగ్గుర్ని తోసి అత్తను దించుకొచ్చినా. మిలిట్రీ మనిషి తాగొచ్చినాడని ఎవరో అన్నారు.

ఆటోలో చెప్పినా. "అత్తా, అదంతా కల్పించి రాసినారు. నేను రాసింది అది కాదు. ఎవడూ చూడలే, ఎవడి ఒళ్ళోనూ తల పెట్టుకోలే." అత్త నా చెయ్యి పట్టుకునింది. "నువ్వు నా బాధ చూడలేక చెప్తాండావు" అనింది. "కాదత్తా, అబద్ధం!" అని నెత్తీనోరూ కొట్టుకున్నా. "అంతమంది ముందర మైకులో అబద్ధం చెప్తారారా? అచ్చుగొట్టిన పుస్తకంలో సావు మీద అబద్ధం రాస్తారా ఎవరైనా? ఎంత లేదన్నా మనుషులే గదా" అనింది. ఆమె గొంతులో ఏడుపు గూడా లేదు. పొద్దంతా కోత కోసి గట్టున కూసున్నట్లు, అలుపు తీరిన గొంతు. "ఒళ్ళో పోయినాడు. దిక్కులేకుండా పోలేదు" అనుకుంటా వచ్చింది దావ పొడుగునా.

మరుసటి పొద్దున నేను లేచేసరికే ఊరి ఆడోళ్ళు దిగిపోయినారు. యాభై ఏండ్లు గుసగుసలాడినోళ్ళు ఒక్కపూట ఆగలే. పెరట్లో బండ మీద కూర్చోబెట్టి గాజులు పగలగొట్టినారు, తాళి తీసి పాలచెంబులో వేసినారు. హారతి పళ్ళెం లాక్కున్నామె కూతురు గూడా వచ్చింది, అందరికంటే పెద్దగా ఏడిసింది. థూ, ఆ ఏడుపులో ఎంత ఉబలాటం! నేను గడపలో నిలబడి, ఇది అబద్ధం, ఆపండి అంటే, "మొగోనికి నీకేం తెలుసు పోరా" అన్నారు. అత్త గూడా, "పోనీరా నాయనా, నాకే చాలయింది" అనింది.

ఇంగ దినం చేయాల గదా. పంచాంగం చూసే అయ్యవారిని పిలిపించినారు. ఆయన అరుగు మీద కూసుని తిథి అడిగినాడు. సచ్చిన తిథి తెలిస్తే ఏటేటా ఆ పొద్దు పెట్టుకోవచ్చు, తెలియకపోతే అందరితోపాటు పెద్దల అమావాస్యకు పెట్టుకోవాల్సిందే. అత్త గబుక్కున, "తెలుసు సామీ, పున్నమి" అనింది. "ఏ నెల పున్నమమ్మా?" అన్నాడు. అత్త నా పక్క చూసింది. "ఆ పుస్తకమాయనకు తెలిసుంటాది. ఫోన్ చెయ్యిరా" అనింది. ఇన్నేండ్లకు మొగుడికని ఒక దినం దొరికింది ఆమెకు. ఆ ఒక్క దినం అందరితో కలపకుండా ఆయనకొక్కనికే పెట్టుకోవాలని ఆమె ఆశ.

నేను చెప్తే నమ్మలేదు, ఆయన నోటితోనే విననీ అనుకున్నా. స్పీకరు పెట్టి ఫోన్ చేసినా. ఎత్తినాడు. యెనక యాదో సభ, మైకు సద్దు. "ఏమప్పా, ఇంకా కోపమేనా?" అన్నాడు నవ్వుతా.

"మా మామ పోయింది యా నెల పున్నమి సామీ? అత్త దినం పెట్టుకోవాలంట."

"యా పున్నమైతే ఏమప్పా! వెన్నెల ఉంటే వర్ణన బాగుంటాదని రాసినా. నీకు తెలీనిదేముండాది, ఎవరూ చూడలేదని నువ్వే గదా రాసిచ్చినావు. మీకు యా దినం వీలైతే ఆ దినం పెట్టుకోండి."

అయ్యవారు పంచాంగం మూసేసినాడు. అత్త వంగి, నా చేతిలోని ఫోన్ తీసుకునింది. ఉత్త చేతులు. మణికట్లకాడ గాజులు గీసుకున్న గాట్లు ఇంకా పచ్చిగానే ఉండాయి. ఫోన్ నోటికి దగ్గరగా పెట్టుకునింది.

"మరి ఆయప్ప సచ్చిపోలేదా నాయనా?" అని అడిగింది.

"అమ్మా, నేను సభలో ఉండానమ్మా" అని ఆయన పెట్టేసినాడు. అత్తకు అది తెలీలేదు. ఫోన్ చెవికి ఆనించుకుని, జవాబు వస్తాదని అట్లే కూసునింది.